పల్లపు అరెకరం

మా నాన్న ఒక అరెకరం ఊరికే ఇచ్చేశాడని మా ఇంట్లో నలభై ఏళ్ళుగా చెప్పుకున్నాం. ఎవరికంటే, మా చేల పక్కనే ఇల్లు వేసుకుని ఉండే ఒక రైతుకి. ఆయన తండ్రి మా తాతగారి దగ్గర పాలేరు. ఆయన్ని నేను బాబాయ్ అనీ, ఆయన భార్యని పిన్నీ అనీ పిలుస్తాను. వరసకి కాదు, చిన్నప్పటి అలవాటుకి. కాగితం లేదు, పత్రం లేదు, నోటిమాట మీద పల్లపు చేను అరెకరం వాళ్ళకి వదిలేశారు, ఈ రోజుల్లో ఎవరు చేస్తారండీ అని మా అమ్మ వచ్చిన చుట్టాలందరికీ చెప్పేది. అమ్మ పోయాక ఆ పని నేను తీసుకున్నాను. పోస్టాఫీసులో కౌంటరు దగ్గర చెప్పాను, వియ్యాలవారికి చెప్పాను, ఒకసారి బస్సులో పక్కన కూర్చున్నావిడకి కూడా చెప్పాను. ఆవిడ అడగలేదు పాపం.

ఈ కథకి మా దగ్గర రుజువు కూడా ఉండేది. మా కోనసీమలో రెండు నెలలకొకసారి చెట్లెక్కి కొబ్బరికాయలు దింపుతారు. దింపు అయిన సాయంత్రం పిన్ని గంపతో వచ్చి, ముప్పై కాయలు మా అరుగు మీద పేర్చి వెళ్ళేది. వాన పడినా, ఒంట్లో బాగాలేకపోయినా వచ్చేది. కూర్చోమంటే కూర్చునేది కాదు. "పనుందండీ" అని ఖాళీ గంప చంకన పెట్టుకుని వెళ్ళిపోయేది. చేసిన మేలు మర్చిపోని మనుషులు అని అమ్మ అనేది. నేనూ అదే అనుకునేదాన్ని. ఆ కాయలతో చేసిన పచ్చళ్ళు తింటూ నలభై ఏళ్ళు అలాగే అనుకున్నాను.

మా తాతగారి కాలంలో మాకు పద్దెనిమిది ఎకరాలుండేవట. భూముల మీద సీలింగు వస్తోందన్న భయంతో కొంత అమ్మారు, ఒక కోర్టు తగాదాకి కొంత పోయింది, మా చదువులకి కొంత పోయింది. నా దాకా వచ్చేసరికి రెండున్నర ఎకరాలు మిగిలాయి, అదీ నాకూ తమ్ముడికీ ఉమ్మడిగా. తమ్ముడిది రాజమండ్రిలో వ్యాపారం. నేను కొత్తపేట దగ్గరే ఉండిపోయాను. చేలు మక్తాకి ఇచ్చేశాం. చేసే రైతు పంటకి నాలుగు బస్తాలు మా తిండికి ఇచ్చి, మిగతాది డబ్బు కడతాడు. నేను గట్టు మీద నిలబడి చూసి రావడం తప్ప మట్టి ముట్టుకుని ఎన్నేళ్ళయిందో నాకే గుర్తులేదు. అయినా ఎవరైనా అడిగితే మాది వ్యవసాయ కుటుంబం అని ధీమాగా చెప్తాను.

ఇంతలో రీసర్వే వచ్చింది. ముందు డ్రోన్ ఎగిరింది. పొలాల్లో కొంగలన్నీ ఒక్కసారి లేచిపోయాయి. కొన్ని నెలలకి నోటీసు వచ్చింది: ఫలానా రోజు రైతులందరూ ఎవరి చేను దగ్గర వాళ్ళు నిలబడాలి, ముందు కొలుస్తాం, తర్వాత సరిహద్దు రాళ్ళు పాతుతాం అని. ఇదే అదననుకున్నాను. నాన్న నోటిమాటతో ఇచ్చింది నేను కాగితం మీద పెట్టించేస్తాను, బాబాయికి కొత్త పాస్‌బుక్ వచ్చేస్తుంది. తమ్ముడికి ఫోన్ చేస్తే "నీ ఇష్టం అక్కా, అది ఎలాగూ వాళ్ళదే కదా" అన్నాడు. ఆ రోజు మంచి చీర కట్టుకుని, తలకి నూనె రాసుకుని మరీ వెళ్ళాను. చేలోకి వెళ్ళడానికి వెంకటగిరి చీరెందుకని అడిగేవాళ్ళు ఇంట్లో లేరు కాబట్టి సరిపోయింది.

కాలవ గట్టు కింద ఉన్న మా చేలో నిలబడ్డాను. అవతల, పల్లపు అరెకరంలో తన కొబ్బరిచెట్ల మధ్య బాబాయి నిలబడ్డాడు. పిన్ని చెట్టు మొదట్లో కూర్చుంది. సర్వేయరు ఒక చిన్నపిల్ల, ముప్పై ఏళ్ళుండవు. నెత్తిన టోపీ, చేతిలో పొడుగాటి కడ్డీ మీద ఏదో యంత్రం. అందరికంటే ముందు నేనే వెళ్ళి, "అమ్మా, ఆ పల్లపు చేను మా నాన్నగారు వాళ్ళకి ఇచ్చేశారు. మాకేం అభ్యంతరం లేదు. వాళ్ళ పేరున రాసెయ్యి" అన్నాను. చుట్టూ నలుగురూ వినేలాగే అన్నాను.

ఆ పిల్ల చేతిలో ట్యాబు చూసుకుంది. నన్ను చూసింది, బాబాయిని చూసింది.

"అమ్మగారూ, ముందు మీరు నిలబడ్డది మీ చేను కాదండీ" అంది.

నవ్వొచ్చింది. "నేను పుట్టినప్పటి నుంచీ ఇక్కడే తిరిగాను తల్లీ."

"ఆయ్, కాదనట్లేదండి. కానీ కాలవ పక్కనున్న ఈ అరెకరం రికార్డులో ఆయన పేరు మీద ఉందండి. ఆయన నిలబడ్డ అరెకరవేమో మీ నాన్నగారి పేరు మీద ఉంది. ఇద్దరూ ఒకరి చేలో ఒకరు నిలబడ్డారండి."

ముప్పై మూడేళ్ళు పోస్టాఫీసులో పనిచేశాను. ఊళ్ళోవాళ్ళ కాగితాలన్నీ నా చేతుల మీదుగా వెళ్ళాయి. పింఛను కాగితం మీద ఒక్క అక్షరం తేడా ఉంటే వెనక్కి పంపేదాన్ని. మా ఇంటి కాగితం ఒక్కటి కూడా విప్పి చూడలేదు.

బాబాయిని పిలిచి అడిగాను. ఆయన తలపాగా తీసి చేత్తో పట్టుకున్నాడు.

"ఆయ్, నిజవేనండి. మార్చుకున్నామండి మీ నాన్నగారూ నేనూ."

"మార్చుకోవడం ఏవిటి బాబాయ్? నాన్న ఇచ్చాడు కదా?"

"ఇచ్చేరండి. ఆరిది నాకిచ్చేరు, నాది ఆరికిచ్చేను."

తర్వాత ఒక్కొక్క ముక్కా చెప్పాడు. కాలవ పక్క అరెకరం వాళ్ళ నాన్నది. ఇరవై ఏళ్ళు మా ఇంట్లో చాకిరీ చేసినందుకు మా తాతగారు దస్తావేజు రాసి ఇచ్చిన చేను. నీళ్ళు ముందుగా అందే చేను, ఊళ్ళో మొదటి రకం భూమి. కానీ అది సరిగ్గా మా చేల మధ్యలో ఉంది, అందుకే చిన్నప్పటి నుంచీ అదీ మాదే అనుకున్నాను నేను. నాన్నకి దుక్కికీ నీటికీ అడ్డం వచ్చేది. దానికి బదులుగా వాళ్ళ ఇంటి వెనక ఉన్న మా పల్లపు అరెకరం తీసుకోమన్నాడు. బాబాయి సరేనన్నాడు. ఇద్దరూ గట్టు మీద నిలబడి ఒక కొబ్బరికాయ కొట్టి, చెరో చిప్పా తీసుకుని, ఎవరి దారిన వాళ్ళు కొత్త చేలోకి దిగారు. మా వైపు అలా మార్చుకోవడం మామూలే. గట్టు మీద కాయ కొడితే ఇంక దస్తావేజు రాసుకున్నంత లెక్క.

"మరి నాకెప్పుడూ చెప్పలేదేం బాబాయ్?"

"మీకు తెలుసనుకున్నామండి అమ్మాయిగారూ."

ఆ పల్లం ఎలా ఉండేదో నాకు బాగా గుర్తుంది. వానాకాలం మొత్తం మొలలోతు నీళ్ళు. వరి వేస్తే కుళ్ళిపోయేది. తమ్ముడూ నేనూ అందులో గాలం వేసి మట్టగిడసలు పట్టేవాళ్ళం. ఎండాకాలంలో కాలవలు కట్టేసి పూడిక తీసినప్పుడు, ఆ ఒండ్రుమట్టిని బాబాయి కావిడితోనూ, పిన్ని తట్టతోనూ మోసి పల్లంలో పోసేవారు. పొద్దున్న మొదలుపెడితే చీకటి పడేదాకా. ఏటా అదే పని, ఎన్నేళ్ళో. నాకు పెళ్ళయి పిల్లలు పుట్టాక కూడా మోస్తూనే ఉన్నారు. మోకాలెత్తు పెంచి, దిబ్బలు వేసి, కొబ్బరి నాటి, మధ్యలో అరటి వేసి తోట చేశారు. నాన్న ఇచ్చిన చేను ఎంత బాగు చేసుకున్నారో అని మేం మురిసిపోయాం. దాని పక్కనుంచే ఇప్పుడు పెద్ద రోడ్డు వెళ్తోంది. పల్లపు అరెకరం మా చేలన్నిటికంటే ఖరీదైనదయి కూర్చుంది.

సర్వేయరు పిల్ల మర్యాదగానే చెప్పింది. "రాళ్ళు పాతేలోగా మీ రెండు కుటుంబాలూ ఒప్పుకుని, రిజిస్ట్రేషన్ ఆఫీసులో మార్పిడి దస్తావేజు చేయించుకు తెచ్చుకుంటే ఇప్పుడున్నట్టే రాస్తామండి. లేదంటే కాగితంలో ఎలా ఉంటే అలాగే. ఎవరిది వాళ్ళు తీసుకోవాల్సిందే."

"ఆయ్. కాగితం ఎలా ఉంటే అలాగేనండి" అన్నాడు బాబాయి. ఆయన ముఖంలో ఏమీ కనిపించలేదు. పిన్ని మాత్రం కూర్చున్న చోటునుంచి లేవలేదు. చెట్టుకి ఆనుకుని అలాగే ఉండిపోయింది.

ఆ సాయంత్రం తమ్ముడికి మళ్ళీ ఫోన్ చేశాను. సంతకం వాడిది కూడా కావాలి. మొదట నీ ఇష్టం అన్నవాడు ఈసారి అనలేదు. పల్లం మన పేరు మీదే ఉందని వినగానే గొంతు మారింది.

"అక్కా, నెమ్మదిగా ఆలోచించు. మనం ఎవరి నోరూ కొట్టట్లేదు. వాళ్ళ కాలవ చేను వాళ్ళకి పోతుంది. పల్లం మనకొస్తుంది. గవర్నమెంటే చెప్తోంది. ఇందులో తప్పేవుంది?"

"వాళ్ళు నలభై ఏళ్ళు మట్టి మోశార్రా."

"నలభై ఏళ్ళు కాయలు తిన్నారు కదక్కా."

ఠపీమని ఫోన్ పెట్టేశాను. నాకు ముక్కు మీద కోపం, వాడికి తెలుసు. కానీ ఇక్కడ ఒక నిజం చెప్పాలి. ఫోన్ పెట్టేసింది వాడి మీద కోపంతో ఒక్కటే కాదు. వాడన్నమాట అప్పటికే నా బుర్రలోనూ తిరుగుతోంది. రోడ్డు పక్క అరెకరం. దానితో నా ఇల్లు బాగుచేసుకోవచ్చు, పిల్లలకి చెరికొంత ఇవ్వచ్చు, మోకాళ్ళ ఆపరేషన్ రాజమండ్రిలో మంచి ఆసుపత్రిలో చేయించుకోవచ్చు. పొద్దున్న వెంకటగిరి చీర కట్టుకుని దానం చెయ్యబోయిన మనిషినే నేను. అది మాది కాదనుకున్నంతసేపు ఇచ్చెయ్యడం చాలా తేలికగా అనిపించింది. మాదే అని తెలిశాక చెయ్యి ముడుచుకుపోయింది. నా మీద నాకే రోత పుట్టింది. అయినా వారం రోజులు ఏమీ చెయ్యలేదు. రేపు వెళ్దాం, ఎల్లుండి వెళ్దాం అనుకుంటూ ఇంట్లోనే కూర్చున్నాను.

ఎనిమిదో రోజు పొద్దున్న మా గుమ్మం ముందు ట్రాలీ ఆటో ఒకటి ఆగింది. దాని నిండా కొబ్బరికాయలు. పిన్ని ముందు సీట్లోంచి దిగింది. ఆటో అబ్బాయి కాయలన్నీ వాకిట్లో గుమ్మరించడం మొదలుపెట్టాడు.

"ఏవిటి పిన్నీ ఇది?"

"దింపు కాయలండి."

"ముప్పై కదా తెస్తావు?"

"ముప్పై ఎందుకండీ, అన్నీ మీయే కదండీ. తోట మీదేనని ఆ అమ్మాయి చెప్పింది కదా. దింపుడు రోజు వచ్చేసింది, కాయ ముదిరిపోతే కింద పడిపోద్దని దింపించేసేం. అరటి గెలలు రెండున్నాయండి, లేతవి. ముదిరేక ఈయన కొట్టి పంపుతారండి." కొంగుతో ముఖం తుడుచుకుంది. "దిబ్బ ఒకటి వెయ్యడం సగంలో ఉండిపోయిందండి. అది మాత్రం ఈయన చెయ్యనన్నారు. చేతులాడట్లేదంట."

నాకు తల కొట్టేసినట్టయింది. కేకలేశాను. ఎవరి మీదో తెలియదు, కానీ ఆటో అబ్బాయి బెదిరి పక్కకి జరిగాడు. మిమ్మల్ని ఎవరు తెమ్మన్నారు, నేనడిగానా, ఒక మాట అడక్కుండా తోట వదిలేస్తారా అని అరిచాను. పిన్ని అంతా విని, "మీరు రాలేదు కదండీ" అంది. "వారం చూసేం. వస్తారేవోనని."

చెయ్యి పట్టుకుని అరుగు మీద కూర్చోబెట్టాను. ఆ రోజు కూర్చుంది. మంచినీళ్ళిచ్చి, ఇన్నాళ్ళూ అడగని మాట అప్పుడడిగాను: మరి మార్చుకున్నదే అయితే ఆ ముప్పై కాయలు ఎందుకు తెచ్చేవారు?

"పల్లంలో గట్టెమ్మట మూడు పాతచెట్లుండేవి కదండీ, మీ తాతగారు వేయించినవి. మార్చుకున్నరోజు మీ నాన్నగారు అన్నారండి, చేను నీది, చెట్ల కాపు మాత్రం మాకు పంపు అని. సరేనన్నారు ఈయన."

"ఆ చెట్లు పెద్ద తుఫాన్లో పడిపోయాయి కదా పిన్నీ. ఎప్పటి మాట!"

"ఆయ్, మూడూ పడిపోయినయండి."

"మరి?"

"మీ నాన్నగారు ఇంక తేవద్దని చెప్పలేదండి. మా చెట్లయ్యి తెచ్చేవోళ్ళం." చాలా మామూలుగా చెప్పింది.

మేలు మర్చిపోని మనుషులు అని అమ్మ అన్నమాట గుర్తొచ్చి ఏడుపొచ్చింది. నాన్న చెడ్డవాడు కాదు. అది నేను ఎక్కడైనా చెప్తాను. కానీ మంచిచేను తీసుకుని, నీళ్ళు నిలిచే చేను ఇచ్చి, దానిమీద మూడు చెట్ల కాపు కూడా అట్టేపెట్టుకున్నాడు. ఆ తర్వాత అదే ఇచ్చేశాననుకున్నాడు, మా చేత అనిపించాడు. బాబాయి ఎందుకు ఒప్పుకున్నాడని పిన్నిని అడగాలనిపించింది కానీ అడగలేదు. ఆయన తండ్రి పాలేరు, అడిగింది యజమాని కొడుకు. కాదనడం ఎలా కుదురుతుంది?

తమ్ముణ్ణి ఆ పూటే రమ్మన్నాను. ఒంట్లో బాగాలేదని అబద్ధం చెప్పాను. మధ్యాహ్నానికి కారు వేసుకుని పరుగెత్తుకొచ్చాడు. వాకిట్లో కాయల గుట్ట చూసి ఆగిపోయాడు.

"ఏవిటక్కా ఇన్ని కాయలు? ఎవరివి?"

"నీవే. పల్లం నీదన్నావుగా. డిక్కీ తీసి ఎక్కించుకో."

జరిగింది మొత్తం చెప్పాను. తుఫానులో పడిపోయిన చెట్ల సంగతి చెప్తుంటే వాడు కాయల గుట్ట పక్కన గొంతుక్కూర్చున్నాడు. ఒక కాయ తీసి చెవి దగ్గర పెట్టుకుని ఆడించాడు, చిన్నప్పుడు చేసినట్టు. వాడికి ఈత నేర్పింది బాబాయే, ఆ పల్లంలోనే. నేను గుర్తు చెయ్యలేదు. వాడికే గుర్తొచ్చిందో ఏమో, చివరికి లేచి ప్యాంటు దులుపుకుని, "రిజిస్ట్రేషన్ ఆఫీసు ఎన్నింటి దాకా ఉంటుంది?" అన్నాడు.

కాయలన్నీ వాడి డిక్కీలోనూ మరో ఆటోలోనూ వేసుకుని ముందు వాళ్ళింటికే వెళ్ళాం. బాబాయి వద్దన్నాడు, మేం వినలేదు. తర్వాత నాలుగు రోజులు కాగితాల చుట్టూ తిరిగాం. ఆయన పాత పాస్‌బుక్ ఇనప్పెట్టె అడుగున, ప్లాస్టిక్ సంచిలో చుట్టి, చెక్కు చెదరకుండా ఉంది. రిజిస్ట్రేషన్ ఖర్చు తమ్ముడు పెట్టుకున్నాడు. ఫోన్లో వాడన్నదాని గురించి నేను ఒక్కమాట కూడా అనలేదు, అదే వాడికి పెద్ద బహుమానం. దస్తావేజులో పరస్పరం మార్చుకున్నట్టు రాశారు. లేఖరి పైకి చదువుతుంటే బాబాయి రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని విన్నాడు. సంతకం చెయ్యడానికి చాలాసేపు పట్టింది ఆయనకి, ఒక్కొక్క అక్షరమే దిద్దాడు. బయటికొచ్చాక "ఇప్పుడు రాళ్ళు పాతినా పర్లేదాండీ?" అని నన్ను మూడుసార్లు అడిగాడు. మర్నాడు సగంలో ఆగిన దిబ్బ మళ్ళీ వెయ్యడం మొదలుపెట్టాడని తెలిసింది.

రాళ్ళు పాతారు. తర్వాతి దింపుకి పిన్ని ముప్పై కాయలతో మళ్ళీ వచ్చింది. ఇంక తేవద్దని నేను స్పష్టంగా చెప్పాను. నాన్న చెప్పాల్సిన మాట నేను చెప్తున్నానని కూడా అన్నాను. "ఆయ్" అంది. ఆ తర్వాతి దింపుకి మళ్ళీ తెచ్చింది. ఆవిడతో వాదించడం నా వల్ల కాలేదు.

అందుకని పోయిన నెల, కోతలై మక్తా రైతు మా తిండి బస్తాలు పంపినప్పుడు, ఒక బస్తా కాలవ అరెకరానిదే విడిగా కట్టించమన్నాను. దాన్ని ఆడించి, బియ్యం ఆటోలో వేసుకుని నేనే వాళ్ళింటికి వెళ్ళాను. ఈసారి పాత నేత చీరే. పిన్ని ఒక్కతే ఉంది.

"ఏ బియ్యవండీ ఇయ్యి?"

"కాలవ చేనివి పిన్నీ. మీ మావగారి చేను."

మూట ముడి విప్పి గుప్పెడు తీసింది. అరచేతిలో పరుచుకుని, వెలుగులోకి పట్టుకుని చూసింది. రెండు గింజలు నోట్లో వేసుకుని నమిలింది.

"ఆ చేను మార్చుకున్నాక కూడా ఏటా ఊడ్పుకి కూలికొచ్చేదాన్నండి నేను" అంది. "మీ నాన్నగారు పోయేదాకా వచ్చేను. ఎక్కడ దిగబడద్దో, ఎక్కడ గట్టిగా ఉంటదో కళ్ళు మూసుకుని చెప్పేస్తానండి."

గుప్పిట్లో బియ్యం జాగ్రత్తగా మళ్ళీ మూటలో పోసింది. ఒక్క గింజ కింద పడితే వంగి ఏరుకుంది.

"మార్చుకున్నాక తినడం మాత్రం ఇదేనండి మొదలు" అంది. కూర్చోండి అమ్మాయిగారూ అని పీట వాల్చి, ఎసరు పెట్టడానికి లోపలికి వెళ్ళింది.